సేవ్ కాని ఆటకు కాపలా

శ్రావణం నుంచి కార్తీకం దాకా మా భానుమతి పిన్ని ఒక కంప్యూటర్‌ని ఆరిపోనివ్వలేదు.

నాగాయలంక దాటి ఇంకా కిందికి వెళ్తే, రోడ్డుకు రెండు పక్కలా రొయ్యల చెరువులు మొదలయ్యే చోట వాళ్ల ఇల్లు. ముందు గదిలో కిటికీ పక్కన బల్ల, బల్ల మీద కంప్యూటర్. తెర నిండా ఒక దీవి, దాని మీద సాయంత్రపు ఎండ. తెర మధ్యలో పెద్ద నల్లటి డబ్బా. అందులో తెల్లటి అక్షరాలతో ‘సేవ్ ఫెయిల్డ్’ అని ఉంటుంది. దాని కింద రెండు బటన్లు, ఒకటి ‘రిట్రై’, ఒకటి ‘క్విట్’. ఆ డబ్బాకి ఎడమ పక్కన, గడ్డి టోపీ పెట్టుకున్న చిన్న మనిషి బొమ్మ.

ఆట ఆగిపోయింది కాబట్టి నీళ్లు కదలవు, చెట్లు కదలవు, ఎండ వాలదు. ఆ బొమ్మ భుజాలు మాత్రం లేస్తూ, పడుతూ ఉంటాయి. ఊపిరి తీసుకుంటున్నట్టే ఉంటుంది. అప్పుడప్పుడూ తల తిప్పి పక్కకు చూస్తుంది. మళ్లీ ముందుకు తిరుగుతుంది.

ఆ బొమ్మని ఆడించినవాడు పిన్ని కొడుకు నితిన్. శ్రావణంలో ఒక సాయంత్రం చెరువు దగ్గర కరెంటు షాక్ కొట్టి చనిపోయాడు.

ఆ సాయంత్రం సంగతి పిన్ని నాకు చాలాసార్లు చెప్పింది. ఎప్పుడు చెప్పినా ఒక్క మాట తేడా ఉండేది కాదు. వంటింట్లోంచి తను కేకేసింది.

“ఉప్మా చల్లారిపోతోందిరా.”

“ఆగమ్మా, సేవ్ అవ్వట్లేదు. డిస్క్ నిండిపోయింది. నాన్న చెరువు గట్టున పెట్టించిన కెమెరాలే తినేశాయి మొత్తం.”

“అయితే ఆపేసి రా.”

“ఆపేస్తే ఇవాళ కట్టిందంతా పోద్దమ్మా.”

అప్పుడే ఫోన్ మోగింది. బాబాయ్ కాంతారావు రొయ్యల మేత కోసం అవనిగడ్డ వెళ్లి ఉన్నాడు. చెరువులో గాలి చక్రాలు ఆగిపోయాయని పక్క చెరువువాళ్లు ఆయనకు చెప్పారట. అవి ఆగితే నీళ్లలో గాలి చాలక తెల్లారేసరికి రొయ్యలన్నీ తేలిపోతాయి. వెళ్లి మోటారు చూడమన్నాడు. నితిన్ లేచాడు. గుమ్మంలో చెప్పులేసుకుంటూ వెనక్కి తిరిగాడు.

“అమ్మా, దాన్ని ఎవర్నీ ముట్టుకోనివ్వకు. వచ్చి చూసుకుంటా.”

“వెళ్లిరా. నేనిక్కడే ఉంటాలే,” అంది పిన్ని.

అంతే. వర్షానికి తడిసిన స్టార్టర్ పెట్టె మీద చెయ్యి వేశాడు వాడు.

పిన్ని పుట్టింది మొవ్వలో. మా అమ్మకు చెల్లెలు. ఇంటర్ దాకా చదివింది. పెళ్లయి వచ్చినప్పుడు ఇక్కడ వరి చేలు ఉండేవి. తర్వాత ఒక్కొక్కరే చేలు తవ్వి చెరువులు చేశారు. బాబాయ్ కూడా తవ్వాడు. ఉప్పు నీళ్లు వచ్చాక పెరట్లో మల్లె పందిరి చచ్చిపోయింది. పిన్ని ఆ పందిరి కిందే కుట్టు మిషను వేసుకుని ఊళ్లో వాళ్లకు జాకెట్లు కుట్టేది. కొలత తీసుకున్నాక ఫలానా రోజు ఇస్తానంటే, ఇంట్లో ఎవరికి జ్వరమొచ్చినా ఆ రోజుకు ఇచ్చేది. గొప్పగా చెప్పుకునే అలవాటు లేదు. చెప్పిన మాట మిగిలిపోతే నిద్ర పట్టని మనిషి, అంతే.

నితిన్ ఆడుకుంటుంటే వాడి పక్కనే కూర్చుని గుండీలు కుట్టేది. దీవిలో ఊరు కట్టుకునే ఆట అది. ఇల్లు వేసుకోవాలి, నారు పోసుకోవాలి, కోళ్లని సాక్కోవాలి. “ఆ వాకిలి పడమరకి పెట్టావేంట్రా, ఎండంతా మొహం మీదే,” అనేది పిన్ని. వాడు నవ్వుకుంటూ తిప్పేవాడు. ఆ ఊళ్లో సగం ఇళ్లు పిన్ని చెప్పిన చోటే ఉన్నాయి. ఉప్పు నీళ్లు లేని నేల కదా అని మల్లె పందిరి కూడా వేయించింది.

శవం లేచిన రోజున ఇంటి నిండా జనం. ఎవరో పిల్లాడు కంప్యూటర్ గదిలో ఫ్యాన్ వేయబోయి వేరే స్విచ్ మీద చెయ్యి పెట్టాడు. అప్పటిదాకా గోడకు ఆనుకుని పలుకూ ఉలుకూ లేకుండా ఉన్న పిన్ని లేచి వాడి చెయ్యి పట్టుకుంది. ఆ క్షణం నుంచి మొదలైంది కాపలా.

హాల్లో వాణ్ని పడుకోబెట్టిన చోట ప్రమిదలో దీపం పెట్టారు. పదకొండో రోజుదాకా అది ఆరకూడదు. నూనె పొయ్యడానికి వంతులేసుకున్నారు. పిన్ని దీపం వంక చూడలేదు. ఆ గదిలో చాప వేసుకుని తెర ఎదురుగా కూర్చుంది. పిల్లి వచ్చి కీబోర్డు తొక్కుతుందేమోనని, కోడిపిల్లల మీద బోర్లించే వెదురు బుట్ట తెచ్చి కీబోర్డు మీద బోర్లించింది. తెర మీద దుమ్ము పడితే పాత పంచె ముక్కతో, పసిపిల్లల మొహం తుడిచినట్టు తుడిచేది.

పదకొండో రోజు కర్మ అయ్యాక, గుడివాడ నుంచి వచ్చిన ఆడపడుచు రాజ్యలక్ష్మి గుమ్మంలో నిలబడింది.

“వదినా, దీపం కొండెక్కింది. ఇక అదీ ఆపెయ్.”

పిన్ని పంచె ముక్కతో తెర తుడుస్తూనే ఉంది.

“నిన్నే వదినా. అందరూ ఏమనుకుంటున్నారో తెలుసా? కొడుకుని పంపించకుండా డబ్బాలో కూర్చోబెట్టిందంటున్నారు.”

“నేను కూర్చోబెట్టలేదు. వాడే వస్తానన్నాడు.”

“ఎక్కడికొస్తాడే? ఎక్కడికొస్తాడు?” రాజ్యలక్ష్మి గట్టిగా ఏడ్చేసింది. “అసలు దాని వంక చూడలేకపోతున్నానే నేను. అది నా వంక చూస్తోంది.”

నిజానికి ఆ భయం ఊళ్లో చాలామందికి పట్టుకుంది. సాయంత్రం దీపాలు పెట్టాక ఆ కిటికీలోంచి రోడ్డు మీదికి నీలం వెలుగు పడేది. చెరువుల మీద కాపలాకు వెళ్లేవాళ్లు అక్కడికి రాగానే టార్చి ఆర్పేసి గబగబా నడిచేవాళ్లు. పాలు పోసే జ్ఞానమ్మ గిన్నె గుమ్మం బయటే పెట్టి వెళ్లిపోయేది. “లోపల ఇద్దరు ఊపిరి తీస్తున్నట్టు వినపడుద్దమ్మా,” అంది నాతో ఒకసారి.

ఆ మాటకు నేను నవ్వలేదు. ఆ మధ్యాహ్నమే పిన్ని పక్కన కూర్చుని ఒక సంగతి గమనించాను. బొమ్మ భుజాలు లేచినప్పుడు పిన్ని గుండె లేస్తోంది. అవి పడినప్పుడు పడుతోంది. ఆవిడకు తెలియకుండానే అలా అలవాటైపోయింది. కాసేపటికి నా ఊపిరి కూడా అదే లెక్కలో నడుస్తోందని తెలిసి, లేచి బయటికి వచ్చేశాను.

బాబాయ్ ఆ గదిలోకి వెళ్లేవాడు కాదు. వెళ్లొద్దని ఎవరూ అనలేదు. కరెంటు పోయినప్పుడల్లా ఇన్వర్టర్ దగ్గరికి మాత్రం పరిగెత్తేవాడు. ఇద్దరూ ఒకరినొకరు ఒక్క మాట అనుకోలేదు. నువ్వు ఫోన్ చేశావు అని ఆవిడ అనలేదు, నువ్వు వెళ్లమన్నావు అని ఆయన అనలేదు. ఆ రెండు మాటలూ ఇంట్లో ఇంకో ఇద్దరు మనుషుల్లా తిరుగుతుండేవి.

కార్తీకంలో బంగాళాఖాతంలో వాయుగుండం పట్టింది. అది తుపాను అవుతుందని, దివిసీమ మీదికే రావచ్చని టీవీలో చెప్పడం మొదలుపెట్టారు. తుపాను వస్తే ఇక్కడ స్తంభాలు పడిపోతాయి. కరెంటు మళ్లీ ఎప్పుడొస్తుందో ఎవరూ చెప్పలేరు. ఇన్వర్టర్ బ్యాటరీ పాతది, అంతకు ముందు కరెంటు పోయినప్పుడే మూలుగుతూ చివరిదాకా వచ్చింది. పిన్ని బందర్లో ఉన్న నాకు ఫోన్ చేసింది. ఆవిడ గొంతులో అంత భయం వాడు పోయిన రోజున కూడా వినలేదు.

“అది ఆరిపోతే వాడు చేసింది పోద్దంట కదే. బందర్లో ఎవరైనా ఉన్నారా, పోకుండా చూసేవాళ్లు?”

నాకు తెలిసినవాడు రషీద్ ఒక్కడే. కోనేరు సెంటర్ వెనక సందులో ఆయన కొట్టు. నా ల్యాప్‌టాప్ పాడైతే అక్కడే ఇచ్చాను. అక్కడికి ఎక్కువగా ఆటల పిల్లలే వస్తారు. ఆట తెరుచుకోవట్లేదని ఎవరొచ్చినా ఆయన మొదట అడిగేది ఒకటే: “సేవ్ ఎక్కడుంది? ముందు దాన్ని బయటికి తీద్దాం. రోగం సంగతి తర్వాత.” ఆట చెరిపి మళ్లీ ఎక్కిస్తే ఐదు నిమిషాల్లో బాగవుతుంది. కానీ ఆడినదంతా పోతుంది. ఆయన అలా చెయ్యడు.

రషీద్‌కి సంగతంతా చెప్పాను. “ఇది వేరేనండీ,” అన్నాడు. “సేవ్ పాడైతే బాగుచెయ్యొచ్చు. ఇక్కడ సేవ్ అసలు పుట్టనే లేదు. ఆ రోజు ఆడిందంతా కంప్యూటర్ జ్ఞాపకంలోనే వేలాడుతోంది. కరెంటు ఉన్నంతసేపే అది.” తర్వాత అడిగాడు, “ఇంటర్నెట్ ఉందా దానికి?”

“లేదు. ముందే తీసేశారట.”

“అదృష్టం. ఉంటే అప్‌డేట్ అని ఏ పొద్దునో తనంతట తనే ఆగిపోయేది.”

మర్నాడు మబ్బు పట్టిన మధ్యాహ్నం, నేను పిన్ని ఇంట్లో ఉండగా, బండి మీద వచ్చాడు. చెప్పులు విడిచి, గుమ్మంలో ఆగి, “అమ్మా, లోపలికి రావచ్చా?” అన్నాడు.

ఆ గుమ్మంలోంచి ఆ పిలుపు విని పిన్ని ఒక్కసారిగా వెనక్కి తిరిగింది. రషీద్‌కి అర్థం కాలేదు. నాకు అర్థమై తల వంచుకున్నాను.

ఆయన తెర ముందు గొంతుక్కూర్చుని చాలాసేపు చూశాడు. బొమ్మ తల తిప్పి పక్కకు చూసింది. రషీద్ కూడా కొంచెం వెనక్కి జరిగాడు.

“దేన్నీ ముట్టుకోవద్దు బాబూ,” అంది పిన్ని.

“ముట్టుకోనమ్మా. రోగిని ముట్టుకోకుండా ఆపరేషన్ చేసే డాక్టర్ని నేను.” పిన్ని నవ్వలేదు. ఆయన గొంతు సర్దుకున్నాడు. “ఆట నిండు తెరలో ఉంది. దాన్ని పక్కకి జరిపి లోపల ఫైళ్లు తీద్దామంటే అక్కడే బిగుసుకుపోవచ్చు. అందుకని బయటినుంచి చేద్దాం. నితిన్ ఈ కెమెరాల వీడియోలు ఇంకెక్కడైనా కనపడేలా పెట్టాడా?”

“హాల్లో టీవీలో చూసేవాణ్ని,” అన్నాడు బాబాయ్ వసారాలోంచి. “వాడే కలిపాడు.”

“అయితే దారి తెరిచే ఉంది.”

కిందటేడు ఊళ్లో ఎవరి చెరువులోనో విషం కలిపారు. చేసినవాళ్లు దొరకలేదు. ఆధారం లేదన్నారు. అప్పటి నుంచి రొయ్య రైతులందరూ గట్ల మీద కెమెరాలు పెట్టించుకున్నారు. బాబాయ్ ఇంకో అడుగు వేసి, ఒక్క రోజు వీడియో కూడా చెరపడానికి వీల్లేదన్నాడు. ఖాళీ చెరువు గట్టు, నీళ్లు, కొంగలు, వాన... అదంతా నెలల తరబడి ఆ కంప్యూటర్లో పోగుపడింది. చివరికి దీవిలో ఒక్క సాయంత్రం దాచుకోవడానికి చోటు లేకుండా పోయింది.

రషీద్ ముందు గోడ దగ్గర కెమెరాల తీగ పీకేశాడు. “చోటు దొరికితే ఇవి మళ్లీ మింగేస్తాయి,” అన్నాడు. హాల్లో టీవీకి వెళ్లే తీగని తన ల్యాప్‌టాప్‌కి తగిలించి, వసారాలో కూర్చుని, అక్కడి నుంచే ఆ వీడియోల దగ్గరికి వెళ్లాడు.

“పాతవి చెరిపెయ్యమంటారా?”

బాబాయ్ తల అడ్డంగా ఊపాడు. “వాటిల్లో వాడు ఉంటాడు. మేత వేసేది వాడే.”

“సరే, నా డిస్క్‌లోకి కాపీ చేసి అప్పుడు తీస్తాను. ఆలస్యమవుద్ది, అంతే.”

కాపీ అవుతోంది. బయట గాలి మొదలైంది. ఫ్యాన్ ఒకసారి నెమ్మదించి మళ్లీ అందుకుంది. పిన్ని గదిలోంచి, “కరెంటు, కరెంటు,” అంది. ఎవరూ కదల్లేదు. కరెంటు పోలేదు.

బాబాయ్ రషీద్ పక్కన మెట్టు మీద కూర్చున్నాడు. చాలాసేపు చేతులు నలుపుకుని గొంతు తగ్గించి అడిగాడు.

“ఆ రోజుది కూడా... ఉందా అందులో? మోటారు దగ్గర కెమెరా ఉంది.”

రషీద్ ఆయన మొహంలోకి చూసి, ల్యాప్‌టాప్ వైపు తిరిగాడు. పైకీ కిందికీ వెతికాడు.

“లేదండీ. ఆ మధ్యాహ్నంతోనే ఆగిపోయింది. డిస్క్ నిండింది కదా, దానికీ చోటు లేదు.”

బాబాయ్ తల మోకాళ్ల మధ్య పెట్టుకున్నాడు. కొడుకు పడిపోవడం అందులో ఉందని, ఎప్పుడో ఒకరోజు పిన్నో తనో దాన్ని తెరిచి చూస్తారనే భయంతో ఇన్ని నెలలూ ఆయన ఆ గది గుమ్మం దాటలేదని అప్పుడు తెలిసింది నాకు. “ఎవరూ చూడలేదన్నమాట,” అన్నాడు కాసేపటికి. “వాణ్ని ఎవరూ చూడలేదు.” అది ఊరటగా అన్నాడో, బాధగా అన్నాడో చెప్పలేను.

చోటు దొరికింది. రషీద్ లేచి గదిలోకి వచ్చాడు.

“ఇక రిట్రై నొక్కాలమ్మా. చోటు ఉంది కాబట్టి సేవ్ అవ్వాలి.”

“అవ్వాలి అంటే?”

ఆయన అబద్ధం చెప్పలేదు. “ఇన్నాళ్లు ఆగిన ఆట. నొక్కగానే మూసుకుపోయినా పోవచ్చు. నొక్కకపోతే ఎలాగూ తుపాను ఆపుద్ది.”

పిన్ని తెర వంక చూసింది. “వచ్చి చూసుకుంటా అన్నాడు,” అంది. ఆ మాట ఎవరితోనూ అన్నట్టు లేదు. తర్వాత వెదురు బుట్ట తనే ఎత్తింది. దాని కింద కీబోర్డు, మౌస్, వాటి వెనక నితిన్ ఆడే గేమ్‌ప్యాడ్ ఉన్నాయి. కీబోర్డు మీద దుమ్ము లేదు.

“ఎక్కడ నొక్కాలి?”

రషీద్ చూపించాడు. పిన్ని మౌస్ పట్టుకుంది. నొక్కింది.

డబ్బా మీద చిన్న చక్రం తిరిగింది. తిరుగుతూనే ఉంది. గదిలో ఒక్క ఊపిరి కూడా వినపడలేదు. బొమ్మ భుజాలు కూడా ఆగిపోయాయి. పిన్ని నా చెయ్యి పట్టుకుంది. గోళ్లు దిగాయి. నల్లడబ్బాలో అక్షరాలు మారాయి. ‘సేవ్డ్’ అని కనపడి, డబ్బా మాయమైంది.

ఇన్నాళ్లూ ఆ డబ్బా వెనక ఏముందోనని పిన్ని రకరకాలుగా అనుకునేది. గుడి కట్టాడేమో, బావి తవ్వాడేమో, తన కోసం ఏదైనా దాచిపెట్టాడేమో అని. అక్కడ ఉన్నది ఒక తడిక. కోళ్ల దొడ్డి చుట్టూ అల్లుతూ సగంలో వదిలేసిన తడిక.

“తడికా?” అంది పిన్ని. “దీనికా ఉప్మాకి రానిది, వెధవా?” ఆ నెలలన్నిటిలో ఆవిడ వాణ్ని తిట్టడం అదే మొదటిసారి.

సరిగ్గా అప్పుడే బొమ్మ నడవడం మొదలుపెట్టింది.

ఎవరూ ఏమీ ముట్టుకోలేదు. రషీద్ చేతులు ఒళ్లో ఉన్నాయి. నీళ్లు కదులుతున్నాయి, చెట్లు ఊగుతున్నాయి, గడ్డి టోపీ మనిషి కుడివైపుకి, తడిక అల్లని ఖాళీ వైపుకి నెమ్మదిగా నడుస్తున్నాడు. వసారాలోంచి బాబాయ్ లేచి గుమ్మంలోకి వచ్చాడు.

“ఏం లేదు, ఏం లేదు,” అన్నాడు రషీద్ కంగారుగా. “గేమ్‌ప్యాడ్‌లో బొమ్మని నడిపే పుల్ల అరిగిపోయిందమ్మా. చెయ్యి పెట్టకపోయినా ఒక పక్కకి లాగుద్ది. తీగ పీకేస్తే ఆగిపోద్ది.” ఆయన చెయ్యి చాపాడు.

“పీకొద్దు,” అంది పిన్ని. “నాకు తెలుసు. కుడికి లాగుద్దని వాడెప్పుడూ తిట్టుకునేవాడు. కొత్తది కొనమంటే పంట తీశాక కొందామన్నాం.”

ఆవిడ గేమ్‌ప్యాడ్ చేతిలోకి తీసుకుంది. వాడు పట్టుకున్నట్టే రెండు చేతులతో పట్టుకుని, పుల్ల మీద బొటనవేలు ఆన్చి ఎడమకి నొక్కింది. మనిషి ఆగాడు. వేలు కొంచెం సడలిస్తే కుడికి ఒక అడుగు. మళ్లీ నొక్కితే ఆగాడు. భుజాలు లేచాయి, పడ్డాయి. పిన్ని అలా పట్టుకునే కూర్చుంది. ఆ పుల్ల కింద సన్నటి లాగుడు ఆవిడ వేలికి తెలుస్తూనే ఉంది. బొటనవేలి గోరు తెల్లబడింది. బయట గాలికి తాటాకులు కొట్టుకుంటున్నాయి.

“బాబూ,” అంది కొంతసేపటికి.

“చెప్పండమ్మా.”

“ఇప్పుడు ఇది ఎటు పోయినా, కరెంటు పోయినా, వాడు చేసింది అక్కడే ఉంటదా?”

“ఉంటదమ్మా. మళ్లీ తెరిస్తే తడిక దగ్గరే ఉంటాడు. ఇంకో కాపీ నా డిస్క్‌లో కూడా వేసిస్తాను.”

“ఎవరైనా ముట్టుకున్నా?”

“ఎవరు ముట్టుకున్నా.”

పిన్ని తల ఊపింది. ఇంకాసేపు అలాగే పట్టుకుంది. తర్వాత బొటనవేలు ఎత్తేసింది.

గడ్డి టోపీ మనిషి తడిక ఖాళీలోంచి బయటికి నడిచాడు. నారుమడి దాటాడు. మల్లె పందిరి దాటాడు. తెర అతనితో పాటే జరుగుతోంది. పిన్ని ఎప్పుడూ చూడని ఇసుక దారి ఒకటి వచ్చింది. దాని పక్కన వాడు ఎప్పుడు నాటాడో తెలియని సరుగుడు మొక్కలు.

“ఎటు వెళ్తున్నాడు?” అన్నాడు బాబాయ్ గుమ్మంలోంచి. ఆ ప్రశ్న ఎంత మామూలుగా వచ్చిందంటే, అడిగాక ఆయనే ఉలిక్కిపడ్డాడు.

“ఏమో,” అంది పిన్ని తెర మీంచి చూపు తిప్పకుండా. చాప మీద పక్కకు జరిగి ఆయనకు చోటిచ్చింది. “కూర్చోండి. చూద్దాం.”